సముద్రానికి వీపు పెట్టి కూర్చున్న కథలు

విశాఖ వెళ్లినవాళ్లు ముందు సముద్రం దగ్గరికి పరిగెడతారు. ఈసారి నేను సముద్రాన్ని ఆఖరికి పెట్టుకున్నాను. దీనికి కారణం మా క్లాసు. నంద్యాలలో డిగ్రీ పిల్లలకి తెలుగు కథ చెబుతుంటాను. కథలో స్థలం గురించి రాయమంటే అందరూ ఒకటే రాస్తారు: కొండలు, చెట్లు, చల్లగాలి, సాయంత్రం. స్థలం అంటే కథ మొదలయ్యే ముందు వెనకాల దించే తెర అని వాళ్ల నమ్మకం. ఆ మాట నేనెప్పుడూ ఒప్పుకోలేదు. ఉత్తరాంధ్ర కథలు చదివినప్పుడల్లా, ఆ మనుషులు నిలబడ్డ చోటే వాళ్ల చేత అలా మాట్లాడిస్తోందని అనిపించేది. ఆ చోట్లు కళ్లారా చూద్దామని వెళ్లాను. కంచరపాలెంలో పిన్నీ బాబాయ్ ఉన్నారు కాబట్టి బసకి లోటు లేదు.

గురువారం, వన్‌టౌన్

పొద్దున్నే పిన్నిని వెంటేసుకుని పాత ఊళ్లోకి వెళ్లాను. ఇక్కడ పాతనగరాన్ని అందరూ వన్‌టౌన్ అనే అంటారు. ముందు టిఫిన్. కురుపాం మార్కెట్ దగ్గర చిన్న హోటల్లో రెండిడ్లీ, ఒక గారె, పలచటి అల్లం చట్నీ. ఇద్దరికీ కలిపి నూటపది రూపాయలైంది. చట్నీ అయిపోతే అడక్కుండానే ఇంకో గరిటె పోశాడు కుర్రాడు. పిన్ని నన్ను చూపించి "మా అక్క కూతురు, రాయలసీమ నుంచొచ్చింది" అనగానే "కారం సాలిందా అక్కా?" అని అడిగి మిరపకాయ బజ్జీ ఒకటి ఉచితంగా పెట్టాడు.

నేను వెతుకుతున్నది సెయింట్ ఆంథోనీ హైస్కూలు. కాళీపట్నం రామారావు గారు, అందరూ కారా మాస్టారనే ఆయన, ముప్ఫై ఏళ్లకి పైగా పాఠాలు చెప్పిన బడి అది. ఒక కొట్టాయన ఎడం వైపు చూపించాడు, ఇంకొకాయన కుడి వైపు. అలా తిరిగీ తిరిగీ మేం తేలింది రాస్ హిల్ మెట్ల దగ్గర. పిన్ని మోకాళ్లు పట్టుకుని "ఇంత దూరం వచ్చాక ఎక్కకపోతే ఎలాగే" అంది. ఎక్కాం.

పైనుంచి చూస్తే వరసగా మూడు కొండలు. మేమున్న దాని మీద మేరీమాత చర్చి, పక్క దాని మీద దర్గా, ఆ పక్కన వెంకటేశ్వరస్వామి గుడి. మూడూ ఓడలు వచ్చే కాలవ వైపు తొంగి చూస్తున్నట్టే ఉంటాయి. కింద నుంచి పోతున్న ఓడ ఎంత దగ్గరగా ఉందంటే డెక్ మీద ఆరేసిన చొక్కాలు కనిపించాయి. పోర్టులో పనిచేసి రిటైరైన మా బాబాయ్ రాత్రి భోజనాల దగ్గర ఈ కాలవ సంగతంతా చెప్పారు. లోపలి హార్బరు ఉన్న చోటు ఒకప్పుడు ఉప్పునీటి చిత్తడి. దాన్ని తవ్వి లోతు చేశారు. అలలు ఆపడానికి రెండు పాత ఓడల్ని తెచ్చి నోటి దగ్గర ముంచి, రాళ్లు నింపారు. 1933లో పోర్టు మొదలైంది. "మనిషి కూర్చుని తయారు చేసుకున్న ఊరమ్మా ఇది" అన్నారాయన. ఈ మాట రెండు రోజుల తర్వాత ఇంకోలా అర్థమైంది.

దిగొచ్చాక బడి దొరికింది. గేటు బయట నుంచే చూశాం. లోపల ఇంటర్వెల్, పిల్లల గోల. కారా మాస్టారు ఈ ఊళ్లో ఉంటూ, ఈ గోల వింటూ, శ్రీకాకుళం పల్లెల గురించి రాశారు. 1966లో వచ్చిన 'యజ్ఞం' కథలో సుందరపాలెం అనే ఊరు, ఒక అప్పు, ఆ అప్పు చుట్టూ పంచాయితీ. విశాఖ వీధి ఒక్కటి కూడా అందులో కనిపించదు. అయినా నాకు ఆ కథ వెనక ఈ ఊరు కనిపిస్తుంది. పల్లెలోనే ఉండిపోయినవాడికి అప్పు రోజువారీ సంగతి. పట్నంలో జీతం రాళ్ల మీద బతుకుతూ పండక్కి ఊరెళ్లొచ్చేవాడికి, ఆ ఊరు ఏటేటా ఎలా మారిపోతోందో లెక్క తెలుస్తుంది. ఆ కథలో మనిషి కోపం కన్నా ముందు ఊరి జమాఖర్చు నడుస్తుంది. దూరం వల్ల వచ్చిన చూపు అది. 1997లో శ్రీకాకుళంలో ఆయనే కథానిలయం పెట్టారు. రాసినదాన్ని ఊళ్లోకి తిరిగి తీసుకెళ్లి పెట్టినట్టు తోస్తుంది నాకు.

శుక్రవారం, కోర్టు ఆవరణ

ఈ రోజు కోసమే నేను ఇంత దూరం వచ్చానని చెప్పాలి.

జగదాంబ జంక్షన్ నుంచి నడిచి వెళ్లాం. పదిన్నరకే చెట్ల కింద ఖాళీ లేదు. నోటరీలు, స్టాంపు పేపర్లు అమ్మేవాళ్లు, కంప్యూటర్ పెట్టుకుని అఫిడవిట్లు కొట్టేవాళ్లు, ఫైళ్లు చంకలో పెట్టుకుని పరిగెత్తే గుమస్తాలు. వీళ్లందరి మధ్యా ఏ పనీ లేకుండా కూర్చున్నవాళ్లే ఎక్కువ. వాళ్లు వాయిదాకి వచ్చినవాళ్లు. వాళ్ల పని ఎదురు చూడటం.

రాచకొండ విశ్వనాథశాస్త్రి గారు, అందరూ రావిశాస్త్రి అనే ఆయన, ప్లీడరు. మద్యనిషేధం రోజుల్లో సారా కేసుల్లో ఇరుక్కున్న బీదవాళ్ల తరఫున ఈ ఊరి కోర్టుల్లో నిలబడ్డారు. 'ఆరు సారా కథలు' అక్కణ్ణుంచే వచ్చాయి. 'మాయ' కథలో ముత్యాలమ్మ అనే మనిషి చెప్పే మాటలు చదివితే, ప్లీడరు, పోలీసు, చట్టం, దేశం అన్నీ ఆమె ముందు ముద్దాయిల్లా నిలబడతాయి. అంత పొడుగు మాట, అంత తీరుబడిగా, అంత కసిగా ఎవరైనా ఎక్కడ మాట్లాడతారు? ఇంట్లో మాట్లాడరు, పనిలో అసలు మాట్లాడరు. పిలుపు కోసం పొద్దుణ్ణుంచి కూర్చున్న చోట మాట్లాడతారు. కథ అంతా ఆ కూర్చోవడంలోంచి పుట్టింది. ఇక్కడ గంటసేపు కూర్చుంటే అది ఎవరికైనా తెలుస్తుంది.

నా పక్కన అరుగు మీద ఒక పెద్దామె కూర్చుంది. ముదురాకుపచ్చ నేతచీర, చేతిలో మందుల షాపు పేరున్న ప్లాస్టిక్ కవరు, అందులో మడతలు నలిగిపోయిన కాగితాలు. కాసేపటికి ఒక కాగితం తీసి నా చేతిలో పెట్టింది.

"ఏ తేదీ రాసినారో సూడమ్మా. మా ప్లీడరుబాబు గబగబా సెప్పీసి ఎలిపోనారు."

చూసి చెప్పాను. ఏప్రిల్ నెల.

"ఉగాది ఎల్లినాకా?"

"అవునమ్మా, ఉగాది అయ్యాక."

ఆమె వేళ్ల మీద ఏదో లెక్క వేసుకుంది. అనకాపల్లి దగ్గర పల్లెట. పొలం గట్టు తగాదా. పెనిమిటి ఉండగా వేసిన కేసు, ఆయన పోయినా నడుస్తోంది. గట్టు ఎంత వెడల్పని అడిగితే, జానెడు అని చెయ్యి చాపి చూపించింది. బొటనవేలి నుంచి చిటికెనవేలి దాకా ఉన్న ఆ జానెడు చోటు కోసం ఎన్ని సార్లు బస్సెక్కి ఉంటుందో. తర్వాత మా పిన్ని అంచు చీర ఎక్కడ కొందో, ఎంత పడిందో అడిగి, అది ఎక్కువే అని తేల్చింది. ఇద్దరూ అరగంట మాట్లాడుకున్నారు. టీ నేను తెప్పించాను, కప్పు పన్నెండు రూపాయలు. తాగనని మొరాయించి, చివరికి "సరే, నీ తృప్తి" అని తాగింది.

ఈ అరుగుకి చాలా పాత చరిత్ర ఉంది. ఒకప్పుడు విశాఖపట్నం జిల్లా అంటే ఎంత పెద్దదో మనం మర్చిపోయాం. 1936 దాకా, ఇప్పుడు ఒడిశాలో ఉన్న కోరాపుట్ ప్రాంతమంతా ఇందులోనే. శ్రీకాకుళం విడిపోయింది 1950లో, విజయనగరం 1979లో. మొన్న 2022లో అనకాపల్లి, అల్లూరి సీతారామరాజు జిల్లాలు వేరయ్యాయి. అంటే తరాల తరబడి, భూమి తగాదా అయినా, అప్పు నోటైనా, కొట్లాటైనా, పెద్ద కేసు అయితే ఈ ఊరికి రావాల్సిందే. జమీందారు గుమస్తా, రైతు, కొండమనిషి, భోగంమనిషి, బ్రాహ్మడు, జాలరి, ఒకరి ఇంటి గుమ్మం ఒకరు తొక్కనివాళ్లంతా ఒకే అరుగు మీద కూర్చోవాల్సి వచ్చిన చోటు ఇది.

గురజాడ అప్పారావు గారికి ఇది తెలుసు. 'కన్యాశుల్కం' విజయనగరం బొంకులదిబ్బ మీద మొదలవుతుంది. అగ్రహారాలు తిరుగుతుంది. కాని 1909 నాటి రెండో కూర్పులో చిక్కుముడులన్నీ విప్పడానికి ఆయన అందరినీ విశాఖపట్నం తోలుకొచ్చారు. లుబ్ధావధాన్లు మీద కేసు ఇక్కడే, సౌజన్యారావు పంతులు అనే వకీలు ఇల్లు ఇక్కడే, మధురవాణి మగవేషం వేసుకుని వచ్చేదీ ఇక్కడికే. బొంకులదిబ్బ మీద ఎవరి నాటకం వాళ్లు ఆడారు. ఇక్కడికొచ్చాక ఒకరి ఎదుట ఒకరు నిలబడక తప్పలేదు. గురజాడ నుంచి రావిశాస్త్రి దాకా మన గొప్ప వచనం ఈ ఊరి కోర్టు చుట్టూ ఎందుకు తిరిగిందంటే నాకు తోచిన జవాబు ఇదే: రచయితకి ఊరిచ్చేది అందమైన దృశ్యం కాదు. వేరువేరు మనుషులు తప్పించుకోలేక ఒకరికొకరు ఎదురుపడే చోటు.

మధ్యాహ్నం భోజనం కోర్టు వెనక మెస్సులో. అరటాకు, ముద్దపప్పు, కందా బచ్చలి కూర, ఉలవచారు. ఎనభై రూపాయలు. కూరలో ఆవపెట్టారు. మా వైపు కంద ఇలా వండరు. పక్క టేబుల్ మీద ఇద్దరు జూనియర్ లాయర్లు అన్నం కలుపుకుంటూ సాక్షి చెప్పిన మాటని యథాతథంగా అనుకరించి చూపిస్తున్నారు. ఆ యాస, ఆ విరుపు, ఆ సాగదీత. ఈ ఊళ్లో ప్లీడర్లకి చెవి అలా తయారవుతుంది.

శనివారం, గాజువాక దాటి

బాబాయ్ స్నేహితుడొకరు వడ్లపూడిలో ఉంటారు. స్టీల్‌ప్లాంట్ నిర్వాసితులకి ఇచ్చిన కాలనీల్లో అదొకటి. ఆటోలో బాబాయ్ తన కాలేజీ రోజుల సంగతి చెబుతూ వచ్చారు. 'విశాఖ ఉక్కు, ఆంధ్రుల హక్కు' ఉద్యమం 1966లో. కాల్పుల్లో ముప్ఫై రెండు మంది పోయారు. 1971లో ఇందిరాగాంధీ శంకుస్థాపన చేశారు.

నినాదం కూడా సాహిత్యమే అని నేను నమ్ముతాను. ఆ నినాదం ఒక ఊరి పేరుని తెలుగువాళ్లందరిదీ చేసింది. ఎక్కడో అనంతపురంలో, వరంగల్‌లో కుర్రాళ్లు తాము చూడని ఊరి పేరు పట్టుకుని రోడ్డెక్కారు. ఇంత తక్కువ మాటల్లో ఇంత పని చేసిన కవిత్వం అరుదు. కాని ఫ్యాక్టరీ వచ్చిన నేల మీద అప్పటికే పల్లెలున్నాయి. వాటి పేర్లు ఆ నినాదంలో లేవు.

బాబాయ్ స్నేహితుడికి డెబ్భై ఐదు దాటాయి. అరుగు మీద మడతకుర్చీ వేసుకుని కూర్చున్నారు. మీ ఊరు ఎక్కడుండేదండీ అని అడిగాను. లేచి నిలబడి, వేలు చాపి, చిమ్నీల వైపు చూపించారు.

"అదుగో, ఆ పొగ కిందన. మా సెరువు గట్టు అక్కడే. గట్టు మీద రావి సెట్టు."

తర్వాత మనకి దారి చెబుతున్నట్టే చెప్పడం మొదలెట్టారు. చెరువు దాటితే రామాలయం, దాని పక్కన కరణంగారి ఇల్లు, కుడికి తిరిగితే వాళ్ల కళ్లం. ప్రతి మలుపు దగ్గరా ఆగి, నేను వెనకే వస్తున్నానా అన్నట్టు చూశారు. లేని ఊళ్లో ఆయన నన్ను చివరి దాకా నడిపించారు. ఇంట్లోంచి ఆయన భార్య వచ్చి, "మళ్లీ మొదలెట్టీసినారా" అంటూనే, "కాదు, కళ్లం ఎడం పక్కకి" అని సరిదిద్దింది. అక్కడ ఇద్దరికీ చిన్న వాదన కూడా అయింది.

ఇంట్లో ఒక ట్రంకు పెట్టెలో ఆర్-కార్డు దాచుకున్నారు. నిర్వాసితుల కుటుంబానికి ఉద్యోగం కోసం ఇచ్చిన కార్డు అది. ఆయనకి ఉద్యోగం వచ్చింది. తమ్ముడికి రాలేదు. ఊరి అమ్మవారిని మాత్రం తెచ్చి కాలనీలో పెట్టుకున్నారట, ఏటా పండగ చేస్తారట. ఊరు లేకపోయినా ఊరి పండగ నడుస్తోంది.

మనిషి కూర్చుని తయారు చేసుకున్న ఊరని బాబాయ్ అన్న మాట ఇక్కడ గుర్తొచ్చింది. ఏ మనిషి కూర్చుని, ఏ మనిషి లేచిపోతే తయారైందని అడగాలనిపించింది. బాబాయ్ కూడా ఆ సాయంత్రం ఎక్కువ మాట్లాడలేదు. మాకు పెట్టిన మాడుగుల హల్వా ముక్క చేతిలోనే పట్టుకుని కూర్చున్నారు.

ఇలాంటి జ్ఞాపకాల దారులు ఎవరైనా రికార్డు చేయాలి, తొందరగా. మా విద్యార్థులకి నేను ఈసారి ఇచ్చే పని ఇదే: ఇంట్లో పెద్దవాళ్ల చేత, మారిపోయిన వీధిలో దారి చెప్పించుకుని రాసుకు రమ్మని. శ్రీశైలం నీళ్లలో మునిగిన ఊళ్ల వాళ్లు మా నంద్యాల చుట్టుపక్కల కూడా ఉన్నారు.

ఆదివారం, కంచరపాలెం, ద్వారకానగర్

పొద్దున్న పిన్ని వీధిలోనే గడిపాను. 2018లో ఈ పేట పేరుతోనే 'కేరాఫ్ కంచరపాలెం' సినిమా వచ్చింది. అందులో వేసినవాళ్లలో చాలామంది ఇక్కడి మామూలు మనుషులే, అంతకుముందు కెమెరా ముందు నిలబడని వాళ్లు. పిన్నికి ఆ సినిమా కథ ఎంతవరకు గుర్తుందో తెలీదు కాని, ఏ సందు ఎక్కడ కనిపించిందో అంతా నోటికి వచ్చు. "ఇదుగో ఈ గోడ, ఇక్కడే" అని చూపిస్తుంటే ఆవిడ నడకే మారిపోయింది. పేరంటాలకి వెళ్లినప్పుడు మీదెక్కడ అంటే ఇదివరకు స్టేషన్ దగ్గర అని చెప్పేదట. ఇప్పుడు కంచరపాలెం అనే చెబుతుంది.

మధ్యాహ్నం ద్వారకానగర్ పౌర గ్రంథాలయం. ఆదివారం కదా, పోటీ పరీక్షలకి చదువుకునే పిల్లలే ఎక్కువ. అక్కడ పాత సాహిత్యం బాగా తెలిసిన ఒక రిటైర్డు టీచరమ్మ పరిచయమయ్యారు. మాట 1970 మీదకి మళ్లింది. ఆ ఏడు ఫిబ్రవరిలో శ్రీశ్రీ షష్టిపూర్తి ఆయన పుట్టిన ఈ ఊళ్లోనే జరిగింది. విశాఖ విద్యార్థుల పేరుతో 'రచయితలకు సవాల్' అని ఒక కరపత్రం పంచారు. మీరు ఎటువైపు అని అడిగింది ఆ కరపత్రం. జూలై 4న హైదరాబాద్‌లో విరసం, అంటే విప్లవ రచయితల సంఘం, పుట్టింది, శ్రీశ్రీ అధ్యక్షుడు. పక్కనే శ్రీకాకుళంలో రైతులు పోరాడుతుండగా, ఈ ఊళ్లో సన్మానసభ మామూలు సన్మానసభలా జరగడం కుదరలేదు. ఎంత దూరంలో ఉన్నామన్నది కూడా సాహిత్యాన్ని నడుపుతుంది.

నా కోర్టు అరుగు సిద్ధాంతం ఆవిడకి ఉత్సాహంగా చెప్పాను. అంతా విని, కళ్లజోడు తీసి తుడుచుకుంటూ అన్నారు: "బాగుందమ్మా. ముత్యాలమ్మ మాట్లాడింది, మధురవాణి మాట్లాడింది. కాని ఆ అరుగు మీద కూర్చుని విని రాసుకున్నవాళ్లలో ఆడది ఎవరూ? మనం అక్కడ పనిలేకుండా గంటసేపు కూర్చుంటే ఊరుకునేవారా ఆ రోజుల్లో?"

నా దగ్గర జవాబు లేదు. ఆవిడే మళ్లీ అన్నారు, "ఆడవాళ్ల గొంతు పెద్దగా వినపడే చోటు ఒకటుంది ఈ ఊళ్లో. తెల్లారకట్ల ఫిషింగ్ హార్బరుకి వెళ్లి చూడు."

సాయంత్రం ఎలాగూ అందరూ వెళ్లే చోటికి వెళ్లాం. బీచ్ రోడ్డు మీద శ్రీశ్రీ, గురజాడ విగ్రహాలకి నమస్కారం పెట్టుకున్నాను. విశాఖ మ్యూజియంలో రెండో ప్రపంచ యుద్ధం నాటి పేలని బాంబు చూశాం. 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు ఈ ఊరి మీద బాంబులు వేశాయి. మురీ మిక్చర్, అంటే మా వైపు బొరుగుల మిక్చర్, పొట్లం నలభై. ఉల్లిపాయ, పిండిన నిమ్మరసం, పైన వేరుశెనగ పలుకులు. చేత్తో తినాలంతే, చెంచా అడిగితే బండాయన నొచ్చుకుంటాడు.

సోమవారం, ఫిషింగ్ హార్బరు

అయిదింటికి వెళ్లేసరికే నడవడానికి చోటు లేదు. మరబోట్లు ఆనుకుని నిలబడి ఉన్నాయి. చేపలు దించేది మగవాళ్లు. నేల మీదకి దిగాక లెక్క ఆడవాళ్లది. వంజరం ఒక పక్క, చందువా ఒక పక్క, కానాగంతలు గుట్టలుగా. వేలంపాట పాడేవాళ్ల నోరు వింటే కోర్టు బంట్రోతు పిలుపు గుర్తుకు రావాల్సిందే. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం, అరవై ఒక్క రోజులు. కాబట్టి ఈ నెలల్లో సంపాదించిందే దాచుకోవాలని అందరికీ తొందర.

నలుగురు ఆడవాళ్లు కలిసి ఒక గుట్ట పాడుకున్నారు. రెండు వేల నాలుగు వందలకి తెగింది. ఆ తర్వాత పంపకం. పెద్దామె గొంతుక్కూర్చుని, ఒక్కో చేపా ఎత్తి, మొప్ప విప్పి చూసి, నాలుగు తట్టల్లో వేస్తోంది. నోరు మాత్రం ఆగలేదు. మనవడి అన్నప్రాసన గొడవ, ఐస్ రేటు పెంచిన కంపెనీ, బోటు కాలిపోయి ఇప్పటికీ కోలుకోని మరిది. 2023 నవంబరులో ఇక్కడ జరిగిన అగ్నిప్రమాదంలో నలభై దాకా బోట్లు కాలిపోయాయి, అందులో ఒకటట. కథ మధ్యలో ఒక చిన్న చేపని ఒక తట్టలోంచి ఇంకో తట్టలోకి మార్చింది. ఎవరూ అభ్యంతరం చెప్పలేదు. ఎందుకలా అని అడిగాను.

"దానికి ముగ్గురు పిల్లలమ్మా" అంది, తల ఎత్తకుండా.

నా చేతిలో నోటుపుస్తకం చూసి ఒకామె, "ఏటి రాస్తన్నావ్?" అంది. మీరు మాట్లాడేది అన్నాను. "మా పిల్ల కూడా రాస్తాది. డిగ్రీ సదువుతోంది. పొద్దున్న నాతో రమ్మంటే రాదు, నిద్ర" అంది. ఏ కాలేజీ అని అడిగి, చదువుకోవడానికి కారా మాస్టారి కథల పుస్తకం, రావిశాస్త్రి పుస్తకం పేర్లు ఒక కాగితం మీద రాసిచ్చాను. కింద మా ఇంటి చిరునామా కూడా రాశాను. ఒక్కరోజు అమ్మతో ఇక్కడికి వచ్చి, విన్నది విన్నట్టు రాసి పంపమని చెప్పాను. ఆమె కాగితం మడిచి రవికలో దోపుకుంది.

ఏడయ్యేసరికి తట్టలు నెత్తికెత్తుకుని సర్వీసు ఆటోల వైపు కదిలారు. ఒకామె ఎం.వి.పి. కాలనీ, ఒకామె సీతమ్మధార, ఇంకొకామె మా పిన్ని వాళ్ల కంచరపాలెమే. పిన్ని ఆమె దగ్గరే అరకిలో వంజరం బేరమాడింది, మూడొందల యాభైకి. ఆటోలో మా ముగ్గురికీ తలో ఇరవై. తట్టకి ఇంకో ఇరవై అన్నాడు డ్రైవరు. ఇంటి దాకా ఆమె అతనితో ఆ ఇరవై గురించే వాదించింది.